వారసులుండగా అంతరించిన బిరుదం: వాసిరెడ్డి వంశపు ‘మన్నె సుల్తాన్’ చరిత్ర

ఉపోద్ఘాతం

వంశపారంపర్యంగా వచ్చే బిరుదం ఎప్పుడు, ఎలా అంతరిస్తుందన్న ప్రశ్నకు బ్రిటిష్ న్యాయశాస్త్రంలో స్పష్టమైన సమాధానం ఉంది. పీరేజి అని పిలిచే అక్కడి కులీన బిరుదుల వ్యవస్థలో బిరుదం ఇచ్చిన రాజశాసనమే దాని వారసత్వ క్రమాన్ని నిర్దేశిస్తుంది. సాధారణంగా అది ధర్మపత్నికి పుట్టిన పురుష సంతతికి, వారి పురుష సంతతికి సంక్రమిస్తుంది. ఆ సంతతి ముగిసిన నాడు బిరుదం అంతరించినట్లు లెక్క. వారసుడు ఎక్కడో ఉండవచ్చుగాని తన హక్కును రుజువు చేసుకోలేదంటే ఆ బిరుదం నిద్రాణంగా ఉన్నట్లు భావిస్తారు. కొన్ని ప్రాచీన బిరుదుల విషయంలో పురుష సంతతి లేక, సమాన హక్కుగల స్త్రీలు ఇద్దరో ముగ్గురో మిగిలితే అది నిలుపుదలలో పడుతుంది. రాజు వారిలో ఒకరి శాఖను అనుగ్రహించే వరకు ఆ నిలుపుదల కొనసాగుతుంది. కేమాయిస్ అనే బారన్ బిరుదం 1426లో నిలుపుదలలో పడి, 1839లో, అంటే నాలుగు శతాబ్దాల తరువాత, మళ్ళీ ఒక వారసుని చేరింది.

కృష్ణాతీరంలో ఇందుకు పూర్తిగా భిన్నమైన దృష్టాంతం ఒకటి కనిపిస్తుంది. నందిగామ, జగ్గయ్యపేట, చింతపల్లి, అమరావతి ప్రాంతాలను ఏలిన వాసిరెడ్డి వంశంలో ‘రాజా’, ‘మన్నె సుల్తాన్ బహద్దూర్’ అన్న బిరుదాలు వెంకటాద్రి నాయుని కాలంలో పరాకాష్ఠనందుకొని, ఆయన మరణించిన ముప్పయ్యేండ్లకే అధికార స్వరూపాన్ని కోల్పోయాయి. అందుకు కారణం వారసులు లేకపోవడం కాదు. వారసులు ఇద్దరు ఉండడం. ఆ ఇద్దరిలో హక్కు ఎవరిదో తేలే లోపల హక్కు పొందవలసిన వస్తువే చేజారిపోయింది. బ్రిటన్‌లో ఒక బిరుదం నాలుగు వందల ఏండ్లు వేచి ఉండగలిగినప్పుడు కృష్ణాతీరపు బిరుదం ముప్పయ్యేండ్లయినా ఎందుకు వేచి ఉండలేకపోయింది? ఈ వ్యాసం పరిశీలించే ప్రధాన విషయం ఇదే.

నది, సరిహద్దు, రెండు సర్కారులు

జగ్గయ్యపేటకు దక్షిణాన, కృష్ణానది ఉత్తరపు ఒడ్డున వేదాద్రి ఉంది. సోమకాసురుడు అపహరించిన వేదాలను శ్రీమహావిష్ణువు మత్స్యావతారంలో ఉద్ధరించగా, ఆ వేదాలే స్వామి నివాసంగా ఇక్కడ పర్వతరూపం దాల్చాయని స్థలపురాణం చెబుతుంది. యోగానంద నరసింహుడు ప్రధానమూర్తిగా పంచనారసింహ క్షేత్రంగా ఇది ప్రసిద్ధి. వేదాద్రి వద్ద నదిని చూస్తే ఈ చరిత్రకు నేపథ్యమైన భౌగోళిక స్థితి బోధపడుతుంది. ఉత్తరపు ఒడ్డు కొండపల్లి సర్కారు. దక్షిణపు ఒడ్డు గుంటూరు సర్కారుగా పేరొందిన ముర్తజానగర్. వాసిరెడ్డివారి భూములు రెండు ఒడ్డులకూ వ్యాపించాయి. ఉత్తరాన నందిగామ పరగణా వారికి మూలస్థానం కాగా, దక్షిణాన చింతపల్లి చిరకాలం రాజధాని.

గోలకొండ సుల్తానుల పాలన చివరి దశలోను, ఆ తరువాతి మొగలాయి, నిజాము పాలనల్లోను ఈ వంశం శిస్తు వసూలు బాధ్యతతో కూడిన దేశముఖి హక్కును ఆధారం చేసుకొని ఎదిగింది. దేశముఖి మొదట ఒక ఉద్యోగం. తండ్రి తరువాత కొడుకు నిర్వహిస్తూ రాగా అది హక్కయింది. హక్కుకు కోట, సైన్యం, దేవాలయం తోడైనప్పుడు అది సంస్థానమయింది. తెలుగు దేశంలోని పెక్కు జమీందారీల పుట్టుక ఈ క్రమంలోనే సాగింది.

18వ శతాబ్దం ఉత్తరార్ధంలో ఈ రెండు ఒడ్డులకు ఇద్దరు ప్రభువులు ఏర్పడ్డారు. 1765లో షా ఆలం చక్రవర్తి ఫర్మానా ద్వారా, 1766 నవంబరులో నిజాము అలీఖానుతో కుదిరిన సంధి ద్వారా ఉత్తర సర్కారులు ఈస్టిండియా కంపెనీకి దక్కాయి. కొండపల్లి కోటను కంపెనీ సేనలు ఆ సంవత్సరమే స్వాధీనం చేసుకున్నాయి. గుంటూరు సర్కారు మాత్రం నిజాము సోదరుడు బసాలత్ జంగుకు జాగీరుగా మిగిలింది. ఆయన 1782లో మరణించినా, కంపెనీ దానిని స్వాధీనపరచుకొన్నది 1788లో. అంటే ఇరవై ఏండ్లకు పైగా వాసిరెడ్డివారు నదికి ఉత్తరాన కంపెనీకి, దక్షిణాన హైదరాబాదు దర్బారు వారికి కప్పం చెల్లించవలసి వచ్చింది. ఒక ప్రభువు ఒత్తిడి పెరిగితే రెండవ ఒడ్డుకు చేరే వీలు ఈ స్థితిలో ఉండేది. ఆ వెసులుబాటే వంశానికి బలమయింది. 1788తో అది ముగిసింది.

బిరుదంలోని పొరలు

వెంకటాద్రి నాయుని పేరుతో వినవచ్చే బిరుదావళిని పదాలుగా విడదీసి చూస్తే ఒక ప్రాంతపు రాజకీయ చరిత్ర అంతా అందులో కనిపిస్తుంది. ‘నాయుడు’ అన్నది నాయక శబ్దభవం, కాకతీయ, విజయనగర కాలాల సైనిక వ్యవస్థను స్ఫురింపజేస్తుంది. ‘మన్నె’ శబ్దం అంతకంటె పాతది. మన్నీడు, మన్నెవారు, మన్నెదొర అన్న రూపాలలో అది అడవులు, మెట్టసీమలు ఏలే స్థానిక నాయకులను సూచిస్తుంది. ‘సుల్తాన్’ అరబ్బీ పదం. ‘బహద్దూర్’ పారసీక దర్బారుల మీదుగా వచ్చిన పదం. ‘రాజా’ అందరూ ఎరిగినదే. తెలుగు మన్నె శబ్దాన్ని అరబ్బీ సుల్తాను శబ్దంతో జోడించిన ఈ సమాసం కృష్ణాతీరపు మెట్టనాయకుని దక్కను దర్బారు ఏ విధంగా తనలో ఇముడ్చుకున్నదో తెలియజేస్తుంది. ఈ బిరుదం నిజాము దర్బారు నుండి వచ్చినదని సంప్రదాయం.

ఈ బిరుదానికి, బ్రిటిష్ బిరుదానికి మౌలికమైన భేదం ఒకటి ఉంది. బ్రిటిష్ శాసనం బిరుదాన్ని రక్తసంబంధంతో ముడిపెడుతుంది. భూమి పోయినా బారన్ బారన్‌గానే మిగులుతాడు. దక్కను దర్బారు ఇచ్చిన బిరుదం సేవతోను, కప్పంతోను, అంతిమంగా భూమితోను ముడిపడింది. ప్రతి తరంలోను ప్రభువు దానిని సనదు ద్వారా ధ్రువపరచాలి. కొత్త వారసుడు నజరానా సమర్పించాలి. వారసత్వం అక్కడ హక్కుకు ఆధారమే గాని, అదే హక్కు కాదు.

వెంకటాద్రి నాయుడు

వెంకటాద్రి నాయుడు 1761లో జన్మించి 1783లో సంస్థానాధిపత్యం చేపట్టాడు. ఐదు వందలకు పైబడిన గ్రామాలు ఆయన ఏలుబడిలో ఉండేవి. గుంటూరు సర్కారులోని ఐదు జమీందారీలలో ఆయనదే మిక్కిలి పెద్దది. చింతపల్లిలో కంపెనీ తన సిపాయిల పటాలాన్ని నిలపడం ఆయనకు పరాభవంగా తోచింది. ఆ కారణంగా 1790 దశకంలో రాజధానిని విడిచి, అమరేశ్వరుని సన్నిధిలో అమరావతి పట్టణాన్ని నిర్మించాడు. కొత్త పట్టణానికి రాళ్ళు కావలసి, సమీపంలోని దీపాలదిన్నెను తవ్వినప్పుడు శిల్పాలున్న చలువరాతి పలకలు బయల్పడ్డాయి. ఆ వార్త విని కల్నల్ కాలిన్ మెకంజీ 1798లో అక్కడికి వచ్చాడు. అమరావతి స్తూపం లోకానికి తెలియడానికి, అందులో కొంత భాగం శిథిలం కావడానికి కూడా ఈ నగరనిర్మాణమే హేతువు.

ఉత్తరపు ఒడ్డున బేతవోలు గ్రామాన్ని ఆయన విస్తరించి, తండ్రి జగ్గయ్య పేర జగ్గయ్యపేటగా మార్చాడు. తల్లి అచ్చమ్మ పేరు దక్షిణపు ఒడ్డున అచ్చంపేటకు పెట్టాడు. నదికి అటు ఒకరు, ఇటు ఒకరుగా తల్లిదండ్రుల పేర్లు నిలిపిన ఈ నామకరణం రెండు ఒడ్డులూ ఒకే వంశానివన్న ప్రకటన. మంగళగిరిలో పదకొండు అంతస్తుల గాలిగోపురం 1807-09 మధ్య ఆయన కట్టించినదే. చేబ్రోలులోని చతుర్ముఖ బ్రహ్మ దేవాలయం కూడా ఆయన నిర్మాణమే. దేవీభాగవతాన్ని తెలుగు చేసిన ములుగు పాపయారాధ్యుడు ఆయన ఆస్థానకవి. నూట ఎనిమిది ఆలయాలు నిర్మించినాడన్న ప్రతీతి సంఖ్యాపరంగా నిర్ధారణ కాకపోయినా, తీరం పొడవునా ఆయన పేరు చెప్పుకొనే గుళ్ళు అనేకం.

ఇదే ప్రభువు చరిత్రలో చెంచుల వధ ఉంది. దోపిళ్ళు చేస్తున్నారన్న అభియోగంపై చెంచులను విందుకు పిలిపించి, వరుసగా నిలబెట్టి శిరచ్ఛేదం చేయించాడని జిల్లా చరిత్రల్లోను, జనుల నోటను వినిపిస్తుంది. హతుల సంఖ్య ఒక్కొక్క కథనంలో ఒక్కొక్క రీతిగా ఉంటుంది. అమరావతి సమీపంలోని నరుకుళ్ళపాడు పేరును జనులు ఈ ఘటనతోనే అన్వయిస్తారు. ఆ తరువాత ఆయనకు కంచంలోని అన్నం పురుగులుగా కనిపించిందని, ఆ పాపపరిహారార్థమే ఆలయనిర్మాణాలకు పూనుకున్నాడని ఐతిహ్యం. ఐతిహ్యాన్ని చరిత్రగా స్వీకరించనక్కరలేదు. కాని తండ్రి పేరు, తల్లి పేరు నిలిపిన గ్రామనామాల నడుమ, పేరు తెలియని హతుల స్మృతిని మోసే గ్రామనామం కూడా ఒకటి నిలిచిందన్నది విస్మరించరానిది. బిరుదం అంతరించడాన్ని కేవలం ఒక వైభవం అస్తమించడంగా వర్ణించే రచనలు ఈ అంశాన్ని దాటవేస్తుంటాయి.

శాశ్వత శిస్తు నిర్ణయం: బిరుదం ఆస్తిగా మారడం

1802లో మద్రాసు ప్రభుత్వం 25వ రెగ్యులేషను ద్వారా శాశ్వత శిస్తు విధానాన్ని ప్రవేశపెట్టింది. జమీందారుకు మిల్కియత్ ఇస్తిమ్రార్ సనదు లభించింది. చెల్లించవలసిన పేష్కషు శాశ్వతంగా నిర్ణయమైంది. జమీందారు భూమికి యజమానిగా గుర్తింపు పొందాడు. పైకి చూస్తే ఇది జమీందారుల స్థితిని సుస్థిరం చేసిన చట్టం. వాస్తవంలో రెండు మార్పులు వారి అధికారాన్ని మూలంలోనే మార్చివేశాయి.

మొదటిది, జమీందారు సైన్యాధికారం, రక్షకభట వ్యవస్థపై పెత్తనం తొలగిపోయాయి. ‘బహద్దూర్’ అన్న బిరుదానికి అర్థమైన కత్తి ఒరలో చేరింది. రెండవది, నిర్ణీత కిస్తు బకాయి పడితే భూమిని జప్తు చేసి వేలం వేసే అధికారం ప్రభుత్వానికి వచ్చింది. పూర్వం కప్పం చెల్లించని మన్నెదొరపై ప్రభువు దండెత్తేవాడు. ఓడినవాడు రాజీ చేసుకొని, కొంత చెల్లించి, మళ్ళీ తన స్థానంలో కూర్చునేవాడు. ఇప్పుడు దండయాత్రకు బదులు దస్తావేజు వచ్చింది. దస్తావేజుతో రాజీ ఉండదు.

ఈ విధంగా బిరుదానికి ఆధారమైన భూమి కొనదగిన, అమ్మదగిన, వ్యాజ్యమాడదగిన ఆస్తి అయింది. వెంకటాద్రి నాయుడు బ్రతికి ఉన్నంతకాలం ఆయన ఐశ్వర్యం, వ్యక్తిత్వం ఈ మార్పును కప్పిపుచ్చాయి. ఆయన 1816 ఆగస్టులో మరణించడంతో అది బయటపడింది.

ఇద్దరు దత్తులు

వెంకటాద్రి నాయునికి ఔరస సంతానం లేదు. ఆయన జ్ఞాతుల నుండి మొదట జగన్నాథ బాబును, తరువాత రామనాథ బాబును దత్తత చేసుకున్నాడు. మొదటి దత్తుడు జీవించి ఉండగానే రెండవ దత్తత జరిగింది. ఉమ్మడిగా ఏలుకుంటారన్న ఆశ ఉన్నదేమో గాని, ఫలితం మాత్రం దీర్ఘ వ్యాజ్యమయింది.

వివాదంలోని ధర్మశాస్త్ర సమస్య సునిశితమైనది. పుత్రుడు లేనివాడే దత్తత చేసుకోవాలన్నది దత్తక నిబంధనల సారం. దత్తతతో పుత్రుడు సిద్ధించిన తరువాత ఆ వ్యక్తి పుత్రహీనుడు కాడు. కనుక రెండవ దత్తతకు ఆధారం ఉన్నదా? బహుపుత్రత్వాన్ని ప్రశంసించే స్మృతి సంప్రదాయాన్ని అనుసరించి ఉన్నదని ఒక పక్షం, దత్తతకు మూలమైన పుత్రాభావమే తొలగిపోయింది గనుక లేదని ఇంకొక పక్షం వాదించవచ్చు. దత్తకమీమాంస, దత్తకచంద్రిక అన్న సంస్కృత గ్రంథాలను సదర్లాండ్ 1821లో ఆంగ్లీకరించడంతో ఇంగ్లీషు న్యాయాధిపతులు ఈ చర్చలోకి సూటిగా ప్రవేశించగలిగారు. అంతవరకు పండితుల వ్యవస్థలపై ఆధారపడిన సమస్య కోర్టుల తీర్పులపై ఆధారపడే సమస్యగా మారింది.

1825లో జగన్నాథ బాబు మరణించాడు. వ్యాజ్యం మాత్రం మరణించలేదు. అది కింది న్యాయస్థానం నుండి మద్రాసు సదరు అదాలతుకు, అక్కడి నుండి లండనులోని ప్రీవీ కౌన్సిలుకు ప్రయాణించింది. న్యాయశాస్త్ర చరిత్రలో ఆ వ్యాజ్యానికి మిగిలినవి రాజుల పేర్లు కావు, ఇద్దరు స్త్రీల పేర్లు. మూర్ సంకలనం చేసిన భారతీయ అప్పీళ్ళ నాలుగవ సంపుటం ‘రంగమ్మ వర్సెస్ అచ్చమ్మ’ అన్న ఈ వ్యాజ్యంతోనే ప్రారంభమవుతుంది. మొదటి దత్తపుత్రుడు జీవించి ఉండగా రెండవ దత్తత చెల్లదని 1846లో ప్రీవీ కౌన్సిలు నిర్ణయించింది. ఆ సూత్రం తరువాత హైందవ న్యాయగ్రంథాలన్నింటిలోను ప్రమాణంగా నిలిచింది.

కిస్తు ఆగదు

లండనులో తీర్పు వెలువడే నాటికి అమరావతిలో పరిస్థితి వేరు. వ్యాజ్యపు ఖర్చులు, ఉద్యోగుల స్వలాభం, జప్తులు, మళ్ళీ విడుదలలు, అప్పులు సంస్థానాన్ని పీల్చివేశాయి. ఆపైన 1832-33 నందన సంవత్సరపు కరువు వచ్చింది. డొక్కల కరువుగా జనం నేటికీ తలచుకొనే ఆ ఉపద్రవంలో గుంటూరు జిల్లా ఐదు లక్షల జనాభాలో సుమారు రెండు లక్షలమంది నశించినట్లు అంచనా. రైతు లేని భూమి శిస్తు ఇవ్వదు. శిస్తు రాని జమీందారు పేష్కషు చెల్లించలేడు. శాశ్వతంగా నిర్ణయించిన పేష్కషు మాత్రం కరువును గుర్తించి తగ్గేది కాదు. కొంత వాయిదా పడినా బకాయిగా పేరుకొనేది. గుంటూరులోని జమీందారీలన్నీ ఒకదాని వెంట ఒకటి ప్రభుత్వ అమానిలోకి వచ్చాయి. 1846 నాటికి వాసిరెడ్డి సంస్థానం బకాయి కింద వేలానికి వచ్చి, నామమాత్రపు ధరకు ప్రభుత్వపరమైంది.

వారసుని నిర్ణయించిన తీర్పు, వారసత్వాన్ని ముగించిన వేలం ఒకే కాలానికి చేరుకున్నాయి. ఒక న్యాయస్థానం ఎవరు హక్కుదారో చెప్పింది. ఒక కచేరీ హక్కు ఇక లేదని చెప్పింది. ఈ రెండూ ఒకే ప్రభుత్వ వ్యవస్థలోని అంగాలే.

బ్రిటిష్ బిరుదం ఎందుకు వేచి ఉండగలదన్న ప్రశ్నకు సమాధానం ఇక్కడ దొరుకుతుంది. నిలుపుదలలో పడిన బారన్ బిరుదం ఎవరికీ కిస్తు చెల్లించనక్కరలేదు. అది రాజు స్మృతిలోను, ప్రభువుల సభ దస్త్రాలలోను పదిలంగా ఉంటుంది. వాసిరెడ్డివారి బిరుదం ఏటేటా చెల్లింపుతో బ్రతికే బిరుదం. ఇద్దరు హక్కుదారులు సమానంగా నిలిచినప్పుడు ఇంగ్లండులో కాలం ఆగుతుంది. కృష్ణాతీరంలో కిస్తు ఆగలేదు.

పీగట్ బిరుదంతో పోలిక

ఇదే కాలంలో మద్రాసు చరిత్రకు సంబంధించిన ఒక బ్రిటిష్ బిరుదం కూడా అంతరించింది. రెండింటిని పక్కపక్కన ఉంచి చూడడం ఉపయోగకరం. మద్రాసు గవర్నరుగా పనిచేసిన జార్జి పీగట్‌కు 1766లో, ఉత్తర సర్కారులు కంపెనీకి దక్కిన ఏడాదే, ఐర్లండు పీరేజిలో బారన్ బిరుదం లభించింది. రెండవసారి గవర్నరుగా వచ్చిన ఆయనను 1776లో సొంత కౌన్సిలు సభ్యులే పదవి నుండి తొలగించి నిర్బంధించారు. 1777 మేలో నిర్బంధంలోనే మరణించాడు. ఆయన అవివాహితుడు. సంతానం ఉన్నా, వారు వివాహబంధంలో జన్మించినవారు కారు. కనుక బారన్ బిరుదం ఆయనతోనే అంతరించింది. ఆయనకున్న బారొనెట్ బిరుదం మాత్రం, దాని శాసనంలోని ప్రత్యేక క్రమం వలన, సోదరుడు రాబర్ట్‌కు సంక్రమించింది.

పీగట్ తన బిరుదానికై దత్తత చేసుకొనే అవకాశమే లేదు. ఇంగ్లండు చట్టం దత్తతను గుర్తించినదే 1926లో. ఆ తరువాత కూడా పీరేజి దత్తపుత్రునికి సంక్రమించదు. వెంకటాద్రి నాయునికి ధర్మశాస్త్రం ఆ అవకాశాన్ని ఇచ్చింది. ఆయన దానిని రెండు మారులు ఉపయోగించుకున్నాడు. ఒకచోట రక్తబంధపు నియమం బిగువు వలన బిరుదం పోయింది. ఇంకొకచోట దత్తతకున్న వెసులుబాటు వ్యాజ్యానికి దారితీసి, శిస్తు చట్టపు బిగువు దానిని ముగించింది. ధర్మశాస్త్రపు మృదుత్వం, రెవెన్యూ చట్టపు కాఠిన్యం ఒకే కాలంలో ఒకే సంస్థానంపై పనిచేయడమే వాసిరెడ్డి చరిత్రలోని విషాదం.

ఇంగ్లండు నియమం భారతీయులనూ వదలలేదు. వంశపారంపర్య బ్రిటిష్ పీరేజి పొందిన ఏకైక భారతీయుడు సత్యేంద్ర ప్రసన్న సిన్హా. 1919లో బారన్ అయిన ఆయన 1928లో మరణించగా, కుమారుడు ప్రభువుల సభలో స్థానం పొందడానికి తల్లిదండ్రుల వివాహం ఇంగ్లండు చట్టం దృష్టిలో చెల్లుతుందని రుజువు చేయవలసి వచ్చింది. ఆ నిర్ణయం 1939లో గాని రాలేదు. అయితే ఆ పదకొండేండ్లలో బిరుదాన్ని ఎవరూ వేలం వేయలేదు.

అనంతర చరిత్ర

గుంటూరు జమీందారీల పతనాన్ని విచారించి ప్రభుత్వానికి నివేదించిన అధికారి వాల్టర్ ఇలియట్. 1845లో అమరావతి దీపాలదిన్నెను తవ్వించి శిల్పాలను మద్రాసుకు పంపినవాడూ ఆయనే. అవి తరువాత లండను చేరాయి. వెంకటాద్రి నాయుని రాజధాని నిర్మాణంతో వెలికివచ్చిన స్తూపం, ఆయన సంస్థానం లయమైన కాలంలో అదే అధికారి చేతిమీదుగా తరలిపోయింది. 1882లో జేమ్స్ బర్జెస్ జగ్గయ్యపేట స్తూపాన్ని పరిశీలించాడు. అక్కడ ఇక్ష్వాకు రాజు వీరపురుషదత్తుని 20వ పాలనా సంవత్సరపు శాసనం లభించింది. తండ్రి పేరిట వెలసిన పేట కింద మరింత పురాతనమైన ఒక రాజవంశపు పేరు దాగి ఉన్నదని దానితో తెలిసింది. 1859లో గుంటూరు జిల్లా రద్దయి, 1904లో తిరిగి ఏర్పడే వరకు రెండు ఒడ్డులూ ఒకే కృష్ణా జిల్లాలో ఉన్నాయి. వాసిరెడ్డివారు ఒకటిగా ఏలిన సీమ, వారి ఏలుబడి పోయిన తరువాత, కలెక్టరు కింద ఒకటయింది.

పెద్ద జమీందారీలు వారసుల మధ్య ముక్కలు కాకుండా అప్పుల పాలు కాకుండా కాపాడేందుకు 1904లో మద్రాసు ప్రభుత్వం అవిభాజ్య ఎస్టేట్ల చట్టం చేసింది. వాసిరెడ్డి సంస్థానం పతనమై అప్పటికి అరవై ఏండ్లు కావచ్చింది.

వేదాద్రికి చేరువలోని ముక్త్యాలలో వాసిరెడ్డి వంశపు శాఖ ఒకటి జమీందారీగా కొనసాగింది. 1948 ఎస్టేట్ల రద్దు చట్టంతో ఆ జమీందారీ కూడా ముగిసింది. 1950లో అమలులోకి వచ్చిన రాజ్యాంగంలోని 18వ అధికరణం రాజ్యం బిరుదాలు ప్రసాదించడాన్ని నిషేధించింది. అయినా ముక్త్యాల రాజాగా ప్రజలు పిలిచిన వాసిరెడ్డి రామగోపాలకృష్ణ మహేశ్వరప్రసాద్ కృష్ణానదిపై నందికొండ వద్ద ఆనకట్ట కట్టాలని రైతులను కూడగట్టి ఉద్యమించాడు. ఖోస్లా సంఘం 1952లో ఆ స్థలాన్ని సమర్థించింది. 1955 డిసెంబరు 10న జవహర్‌లాల్ నెహ్రూ నాగార్జునసాగరానికి శంకుస్థాపన చేశాడు. దాని ఎడమ కాలువ నీరు నేడు జగ్గయ్యపేట, నందిగామ మెట్టభూములకు అందుతున్నది. సనదు లేని ‘రాజా’ శబ్దం జనుల పిలుపుగా మాత్రమే మిగిలిన కాలంలో ఆ వంశం పేరు ఈ సీమకు మేలు చేసిన పనితో ముడిపడింది. శిస్తు వసూలు కోసం పుట్టిన పదవి నామమాత్రమైన తరువాత, నీటి సాధనకు తోడ్పడింది.

ముగింపు

బిరుదం అంతరించడమన్నది ఒకే రీతిగా జరిగే విషయం కాదని వాసిరెడ్డి చరిత్ర నిరూపిస్తున్నది. బ్రిటిష్ పీరేజిలో అంతరించడమంటే సంతతి ముగియడం. కృష్ణాతీరంలో అంతరించడమంటే చెల్లింపు ముగియడం. 1802 చట్టం బిరుదానికి ఆధారమైన భూమిని ఆస్తిగా మార్చింది. దత్తత వివాదం ఆ ఆస్తిని వ్యాజ్యంలో నిలిపింది. నందన కరువు దాని రాబడిని కోసివేసింది. వేలం దానిని ముగించింది. వీటిలో ఏ ఒక్కటీ విడిగా ఈ ఫలితాన్ని ఇచ్చి ఉండేది కాదు. కనుక ఇద్దరు దత్తుల కలహమే సంస్థాన పతనానికి కారణమన్న వాడుక మాట అర్ధసత్యం మాత్రమే. వారసుల కలహాలు అన్ని వంశాలలోను ఉన్నాయి. కలహం తీరే దాకా ఆగని కిస్తు 1802 తరువాతిది.

ఈ పతనపు భారం మోసినవారు రాజవంశీయులు మాత్రమే కారు. ఏటేటా చేతులు మారిన యాజమాన్యాల నడుమ, జప్తుదారునికి ఒకసారి, జమీందారు మనిషికి ఒకసారి శిస్తు చెల్లించి, చివరికి కరువులో నశించిన రైతుల పేర్లు ఏ తీర్పులోను లేవు. దత్తత సూత్రంగా రంగమ్మ, అచ్చమ్మల పేర్లు న్యాయగ్రంథాలలో నిలిచాయి. ఊళ్ళుగా జగ్గయ్య, అచ్చమ్మల పేర్లు భూపటంలో నిలిచాయి. మన్నె సుల్తాన్ అన్న బిరుదం మాత్రం ఎవరి పేరుకూ ముందు నిలువక, చరిత్రకారుడు మాత్రమే ఉచ్చరించే పదంగా మిగిలింది.